యజమాని గడిలో బసీలియా అవ్వ

ఆ గడిలో నేను రాసింది తప్పా, నిజమా? పదకొండేళ్ళుగా నన్ను నేనే అడుగుతున్నాను, జవాబు దొరకలేదు. ప్రభుత్వం వారి ఫారంలో అది ఏడో గడి. 'యజమాని పేరు' అని అచ్చేసి ఉంది. దాని ఎదురుగా 'బసీలియా నొరాలెస్' అని గుండ్రటి అక్షరాలతో రాశాను. అప్పటికి బసీలియా అవ్వ చనిపోయి నలభై ఏళ్ళయింది.

రాసిన చెయ్యి నాది. రాయమన్న గొంతు నికాసియాది. సరేనని ఊగిన తలలు ఊరందరివీ. అనుభవించింది మాత్రం నికాసియా ఒక్కతే. బడి పంతులుగా ముప్ఫై ఏళ్ళు ఈ ఊళ్ళో పిల్లలకి అక్షరాలు దిద్దించినవాణ్ణి, ఆమె గురించి నాలుగు మాటలు రాయకుండా పోతే నా చదువుకి అర్థం లేదు.

నికాసియా నొరాలెస్ గొప్ప మనిషని మా బార్రా గుయాబల్‌లో ఎవరూ అనుకోలేదు. పొట్టి మనిషి. వెడల్పాటి పాదాలు. తడి ఇసుకలో ఆమె అడుగులు పక్కవాళ్ళ అడుగుల కంటే లోతుగా పడేవి. పదిహేడేళ్ళప్పుడు లా సేయ్‌బా పట్నం వెళ్ళి ఒక పెద్దాసుపత్రిలో పక్కబట్టలు మార్చే పనికి కుదిరింది. ఇరవై రెండేళ్ళు అదే పని. మంచం పక్కన నిలబడి డాక్టర్లు చెప్పుకునేది వినేది. మనుషులు చాలని రోజున నర్సులు ఆమెనే పిలిచేవారు, ఇది పట్టుకో, అది కట్టు అని. సెలైన్ పెట్టడం, కుట్లు వెయ్యడం, అడ్డం తిరిగిన బిడ్డని చేత్తో సర్దడం అలా వచ్చాయి. నేర్పిస్తున్నామని వాళ్ళకీ తెలీదు. కాగితం మాత్రం ఎవరూ ఇవ్వలేదు.

"అడగాల్సింది కదమ్మా" అన్నానొకసారి.

"నేర్చుకున్నదానికి కాగితమెందుకు మేష్టారూ? మర్చిపోతే చూసుకోడానికా?" అంది.

పెద్ద తుఫాను వచ్చి మా ఇళ్ళ కప్పులు సముద్రంలో పడ్డప్పుడు తల్లిని చూడ్డానికి వచ్చింది. మళ్ళీ వెళ్ళలేదు. మాకు దగ్గరి ఆసుపత్రి పడవలో అయిదు గంటలు, అదీ సముద్రం ఊరుకుంటే. ఊరుకోకపోతే రోగిని ఊయలలో వేసి, ఊయలని గెడకి కట్టి, ఒడ్డమ్మట మూడు నదీముఖాలు దాటుకుంటూ మొయ్యాలి. సగం దారిలోనే వెనక్కి తిప్పుకొచ్చిన ఊయలలు ఎన్నో నేను చూశాను. వాటిని రాసి పెట్టుకోవాల్సిన వాళ్ళెవరూ రాసి పెట్టుకోలేదు. హొండురాస్ పటంలో మా ఊరు ఒక చుక్క. ఆ చుక్క దగ్గర ఎవరు ఎలా చచ్చిపోతున్నారో తెలుసుకోవాలని రాజధానిలో ఒక్కడికీ తోచలేదు.

తుఫాను వెళ్ళిన మరుసటేడు ఊరంతా జ్వరాలు పట్టుకున్నాయి. మా గరీఫునా జాతివాళ్ళకి చనిపోయినవాళ్ళు దూరం పోరు. వాళ్ళకేమైనా కావాలంటే మా ఒంటి మీదకి జబ్బు పంపి అడుగుతారు. ఏం కావాలో కనుక్కుని చెప్పే మనిషిని బుయెయి అంటాం. మా బుయెయి సెవెరో మూడు రోజులు డప్పులు కొట్టించి, పొగ వేయించి, ఆఖరికి లేచి కూర్చున్నాడు.

"అడుగుతున్నది బసీలియా. అన్నం వద్దట, స్నానం వద్దట, విందూ వద్దట. ఇల్లు కావాలంట. ఒంట్లో బాలేనివాళ్ళని పడుకోబెట్టే ఇల్లు. తలుపుండాలట గానీ తాళం ఉండకూడదట."

బసీలియా అవ్వ నికాసియాకి ముత్తవ్వ, ఊరికి మంత్రసాని. నన్ను కూడా ఆవిడ చేతులే బయటికి తీశాయి.

రొట్టెలు కాల్చే ఓటిలియా ముందుగా నోరు విప్పింది. "బతికున్నన్నాళ్ళూ ఒక్క గదిలో పదకొండు మందితో సర్దుకుంది. చచ్చాక ఇల్లు కావాల్సొచ్చిందా? సరే, అడగనీ. మనకి ఊపిరి ఊదిన మనిషి."

ఒక్కో కుటుంబం వంతు నలభై బకెట్ల నది ఇసుక అని తీర్మానం అయింది. ఆడవాళ్ళు కర్రపెండలం తురిమేటప్పుడు పాడుకునే పాటలే పాడుతూ నెత్తిన మోశారు. మగాళ్ళు పడవల్లో సిమెంటు తెచ్చారు. రెండేళ్ళు పట్టింది. నాలుగు గదులు, పన్నెండు కిటికీలు, ఎర్ర రేకుల కప్పు. పక్క ఊరివాడు ఇసిద్రో అని క్యూబాలో డాక్టరీ చదివొచ్చినవాడు ప్రతి గురువారం వచ్చేవాడు. మిగతా ఆరు రోజులూ నికాసియాయే. ఊళ్ళో ఏడు వాడలుంటే రోజుకో వాడ వంతు: మంచం మీద ఉన్నవాళ్ళకి కొబ్బరిపాలలో చేప వండి, అరటికాయ దంచి తీసుకురావడం, గచ్చు కడగడం, దుప్పట్లు ఉతకడం. ఎంతివ్వాలి అని అడిగిన పొరుగూరివాడికి నికాసియా చీపురిచ్చి వాకిలి ఊడ్పించేది.

ఒకరోజు నేను కళ్ళలో మందు వేయించుకుంటుంటే ఓటిలియా చేతికి బీపీ పట్టీ చుట్టి నికాసియా గాలి కొడుతోంది.

"ఉప్పు మానెయ్యమన్నానా లేదా?"

"మానేశానే."

"మరి ముల్లు ఇక్కడిదాకా ఎందుకెక్కిందే?"

"నన్ను చూసి దడుసుకుంది."

"దడుపు నాకు. నువ్వు పడిపోతే మొయ్యడానికి ఆరుగురు కావాలి. మిగతావాళ్ళంతా ఓడపనికి పోగా ఊళ్ళో మిగిలింది నలుగురు మగాళ్ళు. అందులో ఒకడు మేష్టారు."

"ఆయన పుస్తకమే రెండు చేతుల్తో మోస్తాడు. నన్నేం మోస్తాడు?" అంది ఓటిలియా. ముగ్గురం నవ్వాం. అలాంటి తొమ్మిదేళ్ళు మాకు గడిచాయి.

ఆ తొమ్మిదేళ్ళలో పుట్టిన బిడ్డలు నూట నలభై ముగ్గురు. తల్లి పోయిన కాన్పు ఒక్కటీ లేదు. ఈ సంగతి ఎలా తెలిసిందో, ఒక మంగళవారం పొద్దున్న ఇద్దరు ఇన్‌స్పెక్టర్లు పడవ దిగారు. సముద్రం అద్దంలా ఉన్న నెల చూసుకుని వచ్చారు. వచ్చి కిటికీలు లెక్కపెట్టారు. మంచాల మధ్య దూరం కొలిచారు. మంచాల మీద ఉన్న మనుషుల్ని ఏమిటి జబ్బని అడగలేదు.

"మందుల గదికి తాళం ఏదీ?" అన్నాడు పెద్దాయన.

"లేదండీ" అంది నికాసియా.

"ఎవరైనా ఎత్తుకుపోతే?"

"జబ్బు లేనివాడికి మందుతో ఏం పనండీ? జబ్బుంటే ఎలాగూ ఇచ్చేదే కదా."

ఆయన ఏదో రాసుకున్నాడు. తర్వాత మెత్తగా మాట్లాడాడు. రిజిస్టరు చేయించుకుంటే టీకాలొస్తాయి, వాటికి ఎండతో నడిచే ఫ్రిజ్ వస్తుంది, మందులొస్తాయి. ఒక్క ఫారం నింపితే చాలు. టీకాలనేసరికి నికాసియా కళ్ళు మెరిశాయి. కోరింత దగ్గుతో పసివాళ్ళు నీలంగా మారడం చూసిన మనిషి.

పడవలు ఎక్కదీసే పాకలో ఊరంతా కూర్చున్నాం. నేను ఫారం చదువుతూ నింపుతూ పోయాను. ఏడో గడి దగ్గర ఆగాం.

"నికా పేరు రాసెయ్యండి" అన్నారెవరో.

"ఎందుకూ? రేపు నా మనవలొచ్చి ఇది మా అమ్మమ్మ ఆస్తి అనడానికా?" అంది నికాసియా. "అడిగిందెవరు, కట్టించుకుందెవరు? నేనక్కడ పనిమనిషిని."

"ఊరి పేరు రాద్దాం" అన్నాను. కింద చిన్న అక్షరాల్లో 'యజమాని ఒక వ్యక్తి అయి ఉండవలెను' అని ఉంది. అది చదివి వినిపించాను.

"వ్యక్తే కావాలంటే ఉంది కదా. ఉన్నమాట రాయండి మేష్టారూ."

సెవెరో కూడా అదే అన్నాడు. బతికున్నవాడి పేరు పెడితే అవ్వ ఇల్లు లాక్కున్నట్టే, జ్వరాలు మళ్ళీ వస్తాయన్నాడు. ఆఫీసుల్లో కూర్చునేవాళ్ళు ఎలా చదువుతారో ఆ పాకలో తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. నోరు తెరవాల్సింది. కానీ ఆ క్షణాన ఊళ్ళో నిజమేదో నాకూ తెలుసు. రాశాను. పుట్టిన తేదీ దగ్గర 'మిడతలు వచ్చిన ఏడు' అన్నారు, అదే రాశాను. చిరునామా అడిగితే ఓటిలియా, "సమాధుల దిబ్బ, కుడివైపు మూడోది" అంది. నేను చిరునామాగా ఊరి పేరు మాత్రం రాశాను. ఇన్‌స్పెక్టరు ఒక్క ముక్క చదవకుండా ముద్ర కొట్టుకుని, మేం పెట్టిన చేపలు తిని వెళ్ళాడు.

నాలుగు నెలలకి ఉత్తరం వచ్చింది. శ్రీమతి బసీలియా నొరాలెస్ గుర్తింపు కార్డుతో సహా జిల్లా ఆఫీసులో హాజరు కావాలని. మొదట ఊరంతా నవ్వుకుంది. తర్వాత సెవెరో, "ఆమె పేరు మీద వచ్చిన కబురు ఆమెకి చెప్పొద్దా?" అన్నాడు. అదీ నిజమే అనిపించింది. మధ్యాహ్నం అందరం దిబ్బకి వెళ్ళాం. వేర్లు నానేసిన రమ్ము నికాసియా సమాధి మీద పోసింది. నేను ఉత్తరం రెండుసార్లు గట్టిగా చదివాను.

"అవ్వా, నీకు పిలుపొచ్చింది" అంది నికాసియా. "వెళ్ళాలనుంటే చెప్పు, మేం ఏదో ఒకటి చేస్తాం. వద్దనుకుంటే ఊరుకో."

సాయంత్రం దాకా కూర్చున్నాం. ఎవరికీ ఒళ్ళు వెచ్చబడలేదు, ఆ రాత్రి ఎవరికీ కల రాలేదు. అవ్వకి ఇష్టం లేదని తేలింది. రెండో ఉత్తరం, మూడో ఉత్తరం కూడా అలాగే చదివి వినిపించాం. ఆఫీసుకి జవాబు రాయాలని మాలో ఎవరికీ తట్టలేదు, నాకు కూడా. చెప్పాల్సిన మనిషికి చెప్పేశాం కదా అనుకున్నాం.

తర్వాత వచ్చింది ఉత్తరం కాదు, నోటీసు. మూడుసార్లు పిలిచినా యజమాని హాజరు కాలేదు కనుక భవనం, అందులోని మంచాలు, గిన్నెలతో సహా ప్రభుత్వానికి చెందుతాయి. నీలం రంగు బోర్డు వచ్చింది. తాళం వచ్చింది, నా పిడికిలంత. ఫ్రిజ్ రాలేదు. నెలకి రెండుసార్లు టౌను నుంచి నర్సు వస్తుందన్నారు. పాపం ఆ పిల్లని అనడానికేమీ లేదు, సముద్రం ఒప్పుకున్నప్పుడు వచ్చేది, భయపడుతూ వచ్చేది. మిగతా రోజుల్లో తాళం, ఇసిద్రో వచ్చే గురువారాలు కూడా. 'అర్హత లేని వ్యక్తులు వైద్యం చేయరాదు' అని తలుపు మీద అంటించారు. ఊళ్ళో అర్హత లేని వ్యక్తి ఒక్కతే.

మా జబ్బులకి యజమాని ఎవరని ఇన్నేళ్ళూ ఒక్క ఆఫీసూ అడగలేదు. ఊయలలో చచ్చిపోయిన ఆడవాళ్ళకి ఫారం లేదు, గడి లేదు, ముద్ర లేదు. మేం నెత్తిన ఇసుక మోసి కట్టుకుని, ప్రాణాలు నిలబడడం మొదలయ్యాక, అప్పుడు వాళ్ళకి చట్టం గుర్తొచ్చింది.

నికాసియా, నేను జిల్లా ఆఫీసుకి వెళ్ళాం. రెండు రోజులు బెంచీ మీద కూర్చోబెట్టి మూడో రోజు లోపలికి పిలిచారు. అదే ఇన్‌స్పెక్టరు.

"చచ్చిపోయిన మనిషిని యజమాని అని రాస్తారా? గవర్నమెంటుతో వేళాకోళమా?"

"ఉన్నదే రాశామండీ" అంది నికాసియా.

"చచ్చినవాళ్ళకి ఆస్తి ఉంటుందటమ్మా ఎక్కడైనా?"

"ఈ ఆఫీసు ముందున్న రోడ్డుకి ఎవరో జనరల్ పేరుంది కదండీ. ఆయన బతికే ఉన్నాడా?"

"అది గౌరవం కోసం పెట్టింది."

"మాదీ అంతే. ఆయన రోడ్డుకి తాళం వేశారా మీరు?"

పక్క బల్ల దగ్గర టైపు కొడుతున్న అమ్మాయి నవ్వాపుకోలేక తల దించుకుంది. ఇన్‌స్పెక్టరు ముఖం ఎర్రబడింది. మమ్మల్ని బయటికి పంపించారు. ఆ నవ్వు మాకు చెరుపే చేసిందని తర్వాత తెలిసింది.

వానాకాలం మొదట్లో దెలియా అనే పిల్లకి నొప్పులొచ్చాయి. తొలిచూలు, బిడ్డ ఎదురుకాళ్ళతో ఉంది. మిట్టమధ్యాహ్నం. సముద్రం పడవని ఎత్తి కొడుతోంది, నది దాటడానికి లేదు. నికాసియా పూరింట్లో కారుతున్న కప్పు కింద ఆ కాన్పు చెయ్యడానికి వీల్లేదు. వెలుగు కావాలి, ఎత్తు మంచం కావాలి, అవి తాళం వెనక ఉన్నాయి. దెలియా తల్లి ఆ బోర్డు కింద కూలబడి ఏడుస్తోంది.

నికాసియా తాళం వైపు చూడలేదు. బందుల వైపు చూసింది. "ఓటిలియా, నీ రొట్టెల పెనం తిప్పే ఇనప ఊచ పట్రా." బందుల మేకులు కింద నుంచి కొట్టి పైకి లేపింది, ఒకటి, రెండు, మూడు. నలుగురు ఆడవాళ్ళు తలుపుని ఎత్తి, తాళం వైపుకి తిప్పి గోడకి ఆనించారు. తాళం చెక్కుచెదరకుండా గొళ్ళేనికే వేలాడుతోంది, దాన్నెవరూ ముట్టలేదు. గంటన్నరకి ఆడపిల్ల ఏడ్చింది. దెలియా బతికింది.

ఆరో రోజున ఇన్‌స్పెక్టరు ఇద్దరు పోలీసులతో దిగాడు.

"తాళం ఎవరు పగలగొట్టారు?"

"చూసుకోండి నాయనా, మీరేసింది వేసినట్టే ఉంది" అంది ఓటిలియా. "తలుపే ఎటో వెళ్ళొచ్చింది."

పోలీసుల్లో ఒకడు మా కోస్తావాడే, తల పక్కకి తిప్పుకున్నాడు. కానీ కేసు కేసే. నికాసియా పేరున కాగితం తయారైంది. జైలంటే రెండేళ్ళు. లేదంటే ఇంకో దారి ఉందన్నాడు ఇన్‌స్పెక్టరు. ఒక ఒప్పుకోలు మీద సంతకం పెడితే కేసు కొట్టేస్తారు, ఆమెని అదే ఇంట్లో ఊడ్చే మనిషిగా పెట్టుకుంటారు. ఆలోచించుకోమని వారం గడువిచ్చాడు.

ఆ వారమంతా ఊరు ఆమె చెవిలో ఒకటే పోరు.

"పెట్టేసి లోపలుండవే" అంది ఓటిలియా. "చీపురు చేత్తో పట్టుకుని కాన్పు చెయ్యలేవా? నర్సు పిల్ల నెలకి రెండుసార్లు వస్తుంది. మిగతా రోజులు తాళంచెవి నీ దగ్గరే ఉంటుంది కదా."

నేను కూడా అదే చెప్పాను. నిజం చెప్పాలంటే అందరికంటే ఎక్కువ నేనే చెప్పాను. నా రాతతో మొదలైన గొడవ ఆమె సంతకంతో ముగిసిపోతే బావుండునని నా స్వార్థం.

ఆ మధ్యే తూర్పున రెండు నదుల అవతలి పాల్మిచాల్ నుంచి ఇద్దరాడవాళ్ళు పెండలం రొట్టెలు తట్టలో పెట్టుకుని వచ్చారు. వాళ్ళూ ఇసుక మోస్తున్నారట. గోడలు నడుం దాకా లేచాయట. కాన్పులు చేసే మనిషి లేదు, వచ్చి చూస్తావా అక్కా అని అడిగారు. నికాసియా వాళ్ళ తట్ట దింపించింది. రొట్టె విరిచి నాకో ముక్క పెట్టింది.

గడువు రోజు పొద్దున పది గంటలకి బడిగదిలో కూర్చున్నాం. ఇన్‌స్పెక్టరు నా పాత కుర్చీలో, పోలీసు గుమ్మంలో, ఊరు కిటికీల దగ్గర. నికాసియా ఉతికిన గౌను వేసుకుని వచ్చి, చిన్నపిల్లలు కూర్చునే బల్ల మీద కూర్చుంది.

"చదవండి మేష్టారూ."

చదివాను. నాలుగే వాక్యాలు.

"ఆ మూడోది మళ్ళీ చదవండి."

"సదరు భవనమునకు ఇంతవరకు యజమాని ఎవరూ లేరని, అది ఎవరి కోరికపైనా నిర్మింపబడలేదని ఒప్పుకుంటున్నాను."

ఆమె నా వైపు చూసింది. నన్ను ఏదో అడుగుతుందనుకున్నాను. అడిగి ఉంటే ఏం చెప్పేవాణ్ణో తెలీదు. ఇన్‌స్పెక్టరు పెన్ను మూత తీసి ముందుకి జరిపాడు.

"ఇక్కడమ్మా. వేలిముద్ర అయినా పర్లేదు."

ఆ మాటకి ఆమె లేచింది. తొందరేమీ లేకుండా, కాన్పు అయిపోయాక చేతులు తుడుచుకుంటూ లేచినట్టు లేచింది. "ఎక్కడికి?" అన్నాడాయన. ఆమె వినిపించుకోలేదు. మూత తీసిన పెన్ను బల్ల మీద దొర్లింది. గుమ్మంలో ఉన్న పోలీసు, మా కోస్తావాడు, ఒక పక్కకి ఒత్తిగిలి దారిచ్చాడు.

కిటికీలోంచి చూస్తూనే ఉన్నాను. తన పూరింట్లోకి వెళ్ళింది. బీపీ పెట్టె, కత్తెర, దారం ఉన్న సంచి నెత్తిన పెట్టుకుని బయటికొచ్చింది. చెప్పులు చేత పట్టుకుంది. ఓటిలియా పొయ్యి దగ్గర నుంచి, "ఏమే, అయిపోయిందా? ఈ ఎండలో ఎక్కడికే?" అని కేక వేసింది. నికాసియా తల తిప్పలేదు. తడి ఇసుక మీద తూర్పుగా నడిచింది.

"ఎంతసేపట్లో వస్తుంది?" అన్నాడు ఇన్‌స్పెక్టరు గడియారం చూసుకుంటూ. నదీముఖం దగ్గర నీళ్ళు ఆమె మోకాళ్ళకి, నడుముకి, రొమ్ముల దాకా వచ్చాయి. సంచిని రెండు చేతులతో పైకెత్తి పట్టుకుంది. అవతలి ఒడ్డు ఎక్కి, గౌను అంచు పిండుకుని, అటే వెళ్ళిపోయింది.